తోడేలు వేషము – అమ్మ మీద ఒట్టు

"మామా, ఆటలో ఆడిన అబద్ధానికి పాపం ఉంటుందా?" అని పులివెందుల నుండి మా చిన్న మేనల్లుడు ఫోనులో అడిగినప్పుడు నేను ప్రొద్దుటూరులో రాత్రి భోజనమునకు కూర్చొని ఉన్నాను. ఆకలి మీద ఉన్నవాడు శాస్త్రవిచారము చేయరాదు. "ఆట కదా అబ్బీ, వదిలెయ్. పరిహాసంలో ఆడిన మాటకు దోషం లేదని భారతంలోనే ఉంది" అని చెప్పి ఫోను పెట్టివేసినాను.

నేను చెప్పినది భారతములో ఉన్న మాటయే. కాని వాడు అడిగిన ప్రశ్నకు అది సమాధానము కాదు. ఆ సంగతి నాకు రెండు నెలల తరువాత గాని తెలియలేదు.

జరిగినది ఇది. దసరా సెలవులకు మా అక్క పిల్లలు జమ్మలమడుగు నుండి, చెల్లెలి పిల్లలు పులివెందుల నుండి ప్రొద్దుటూరులోని మా ఇంటికి వచ్చుట ఏటేటా ఉన్నదే. రెండవ మైసూరు అని పేరు పొందిన ఊరు గనుక ఆ పది దినములు అమ్మవారిశాలలో కన్యకా పరమేశ్వరి అలంకారములు, వీధులలో ఊరేగింపులు, ఇంటినిండ పిల్లలు. ఈసారి ఆ పిల్లల చేతులలో ఒక కొత్త ఆట కూడ ఉన్నది. సెలవులు ముగిసి ఎవరి ఊరికి వారు చేరిన తరువాత కూడ, స్నేహితులను కలుపుకొని, రాత్రులందు మూడు ఊళ్ళ నుండి ఫోనులలో దానినే ఆడుకొనుచుండిరి.

ఆట తెలియనివారి కొరకు కొంచెము వివరించెదను. పదిమందో పన్నెండుమందో ఒక గ్రామము. ఆట మొదట ఒక్కొక్కరికి ఒక పాత్ర రహస్యముగా లభించును. అధికులు సామాన్య గ్రామస్థులు. ఇద్దరో ముగ్గురో తోడేళ్ళు; పగలు మనుష్యరూపములో అందరి నడుమ తిరుగుచు, రాత్రి కాగానే తమలో తాము సంప్రదించుకొని ఒక గ్రామస్థుని చంపుదురు. తెల్లవారిన పిమ్మట మిగిలినవారు సభ తీర్చి, తోడేలు ఎవరని వాదించుకొని, వోట్లు వేసి ఒకనిని ఉరితీయుదురు. ఉరి పడినవాడు నిజముగా తోడేలు కావచ్చును, నిరపరాధియు కావచ్చును. గ్రామములో మరియొక పాత్ర ఉన్నది. ప్రతి రాత్రియు ఒక్కరి నిజస్వరూపమును చూడగలిగిన వాడు. ఆంగ్లములో వానికున్న పేరును మన భాషలో ద్రష్ట అని చెప్పవచ్చును. అయితే ద్రష్ట నిజము చెప్పినంత మాత్రమున ఎవరును నమ్మవలెనన్న నియమము లేదు. తోడేలు కూడ "నేనే ద్రష్టను" అని చెప్పవచ్చును.

ఆ రాత్రి జమ్మలమడుగులోని పెద్ద మేనల్లునికి తోడేలు పాత్ర వచ్చినది. పులివెందులలోని చిన్నవాడు ద్రష్ట. చిన్నవాడు చూచినాడు, తెల్లవారగానే చెప్పినాడు. సభ తటపటాయించినది. అప్పుడు పెద్దవాడు, "నేను తోడేలు కాదప్పా, అమ్మతోడు" అన్నాడు.

మా అక్కకు ఆ వారములోనే శస్త్రచికిత్స జరిగి ఆసుపత్రిలో ఉన్నది. ఆ సంగతి ఆడుచున్న వారందరికి తెలియును. తల్లి అట్లున్నప్పుడు ఎవడైనను అమ్మ మీద అబద్ధపు ఒట్టు వేయునా? అందరు నమ్మినారు. చిన్నవానిని ఉరితీసినారు. తోడేళ్ళు గెలిచినవి.

చిన్నవాడు అయిదేండ్లు వచ్చువరకు ఆ అక్క ఇంటిలోనే పెరిగినవాడు. ఆమెను పెద్దమ్మ అని పిలుచును గాని, వానికి ఆమె తల్లియే. ఆ రాత్రి నుండి వాడు అన్నతో మాటలాడుట మానివేసినాడు. పెద్దవానికి కారణము అర్థము కాలేదు. "ఆటలో ఓడిపోయినాడని అలిగినాడు" అనుకొన్నాడు. నేనును అట్లే అనుకొన్నాను. "వాడు పెద్దమ్మ మీద ఒట్టేసినాడు మామా" అని చిన్నవాడు చెప్పినది సంక్రాంతి నాటికి.

ఈ ఆటను గూర్చి పెద్దలలో రెండు అభిప్రాయములు వినుచున్నాను. సత్సంగములకు వచ్చు కొందరు దీనిని పూర్తిగా నిషేధింపవలెనందురు. వంచనను నేర్పు ఆట, మిత్రుని ముఖము చూచి అబద్ధమాడించు ఆట, కలిపురుషుని ఆట అందురు. చదువుకొన్న యువకులు "ఆట ఆటయే, అందులో ధర్మాధర్మములేమి" అందురు. మొదటివారికి ఆట తెలియదు. రెండవవారికి ధర్మము ఎంత సూక్ష్మమో తెలియదు. తోడేలు వేషము ధరించి అబద్ధమాడుట దోషము కాదనియే నా నిశ్చయము. ఆ వేషములో ఉండి ఒట్టు వేయుట దోషమే. ఈ రెంటి నడుమ గీత ఎక్కడ ఉన్నదో చెప్పుటకే ఈ వ్యాసము.

ముందుగా, ఈ ఆట విదేశీయమని భయపడనక్కరలేదు. 1986లో మాస్కో విశ్వవిద్యాలయములో మనస్తత్త్వశాస్త్ర విద్యార్థియగు దిమిత్రి దవిడోవ్ దీనిని మాఫియా అను పేరుతో కల్పించినాడు. తరువాత 1997లో ఆండ్రూ ప్లాట్కిన్ అను అమెరికా దేశస్థుడు మాఫియాను తీసివేసి తోడేలును పెట్టినాడు. 2020లో అందరు ఇండ్లలో బందీలైనప్పుడు, రెండేండ్ల ముందే వచ్చియున్న అమాంగ్ అస్ అను ఇటువంటి ఆట ప్రపంచమంతట ప్రాకినది. అయినను రాజు, రాణి, దొంగ, పోలీసు అని నాలుగు చీట్లు వ్రాసి విసిరి, దొంగ చీటి వచ్చినవాడు ఏమియు ఎరుగని ముఖము పెట్టుకొని కూర్చొను ఆటను మనలో ఆడనివారెవ్వరు?

చీట్లాట మాత్రమే కాదు. పగలు మనుష్యుల నడుమ వినయముగా పని చేసికొనుచు, రాత్రి చీకటిలో చంపి, తెల్లవారిన తరువాత ఏమియు తెలియనట్లు మరల పనిలోనికి పోయిన వాని కథ మనకు బాగుగ తెలిసినదే. వాని పేరులోనే తోడేలు ఉన్నది. వృకోదరుడు, వృకమనగా తోడేలు. విరాటుని వంటశాలలో వలలుడై, నర్తనశాలలో కీచకుని వధించిన రాత్రి భీముడు చేసినది అక్షరాల ఈ ఆటలోని పాత్రయే. ఆ రాత్రియే నర్తనశాల కావలివారికి ద్రౌపది "నా భర్తలైన గంధర్వులు చంపినారు" అని చెప్పినది. ఊరు నమ్మినది.

ఆ కథకు మా కడప సీమలో ఒక ప్రత్యేకత కలదు. పులివెందుల ప్రాంతమునకే చెందిన చక్రాయపేట మండలములోని సురభి గ్రామమున 1885లో వనారస గోవిందరావుగారి ఆధ్వర్యములో ప్రారంభమైన సురభి నాటకసమాజము తొలుత ప్రదర్శించినది కీచకవధయే. తోలుబొమ్మలాడించు కుటుంబములవారు తామే వేషములు కట్టి రంగమెక్కినారు. తరతరములుగా తండ్రి కీచకుడు, కుమారుడు భీముడు, ఇంటి కోడలు సైరంధ్రి. కీచకవేషము కట్టినవానిని చూచి ప్రేక్షకులు పండ్లు కొరికినారేమో గాని, ఆ నటుడు పాపము చేసినాడని ఎవరైనను అన్నారా? వేషము వేరు, వృత్తము వేరు అన్న వివేకము మన పల్లెలకు నాడే ఉన్నది. నేడు ఫోను చేతికి వచ్చినంతనే అది ఎందులకు పోవలెను?

ఇక అజ్ఞాతవాసమును కొంచెము నిదానముగా చూడవలెను, ఎందుకనగా మన ప్రశ్నకు మూలము అక్కడ ఉన్నది. సత్యమునకు ప్రతిరూపమని లోకము కొనియాడిన ధర్మరాజు ఒక సంవత్సరము పాటు అబద్ధపు పేరుతో జీవించినాడు. కంకుభట్టునని, బ్రాహ్మణుడనని, పూర్వము యుధిష్ఠిరుని స్నేహితుడనని విరాటునకు చెప్పినాడు. ఈ చివరి మాటను తలచినప్పుడెల్ల నాకు నవ్వు వచ్చును. తనకు తాను స్నేహితుడగుట ఎంత నిజమో అంత అబద్ధము. ఇంత జరిగినను ఆ సంవత్సరమును గూర్చి ఎవరును ధర్మరాజును అసత్యవాది అనలేదు. పైగా ఆ పదుమూడవ యేడు మిమ్ములను ఎవరును గుర్తింపజాలరని వరమిచ్చినది, యక్షరూపమున వచ్చిన సాక్షాత్తు ధర్మదేవతయే.

ఎందుచేత? అది సమయము గనుక. సమయమనగా కాలము కాదు, ఒప్పందము. రెండవ ద్యూతమున పన్నెండేండ్లు అరణ్యవాసము, ఒక యేడు అజ్ఞాతవాసము, అందులో బయటపడినచో మరల పన్నెండేండ్లు అని ఇరుపక్షములు సభలో ఒప్పుకొన్నవి. దుర్యోధనునికి పాండవులు ఆ యేడు వేషములలో ఉందురని తెలియును. ఏ వేషమో తెలియదు. వెదకుట అతని వంతు, దాగుట వీరి వంతు. గోగ్రహణవేళ గడువు తీరినదా లేదా అని వివాదము వచ్చినప్పుడు, కౌరవసేనలో ఉన్న భీష్ముడే అధికమాసములు లెక్కించి తీరినదని తేల్చినాడు. ఆట నియమమును ఎదుటి పక్షపు పెద్దయే కాపాడినాడు.

కీచకుడు, విరాటుడు ఆ ఒప్పందములో లేరు కదా అని ఎవరైనను అడుగవచ్చును. మంచి ప్రశ్న. విరాటుని విషయములో ఆ ఋణమును పాండవులు తీర్చినారనియే నా భావన. తిన్న ఉప్పునకు గోవులను కాపాడినారు, గడువు తీరగానే తామెవరో చెప్పినారు. కీచకుని విషయము వేరు. అది ఆట కాదు, శిక్ష.

తోడేలు ఆటలో కూర్చొన్నవారందరు సమయమునకు బద్ధులు. ప్రతివానికి తెలియును, ఈ సభలో ముగ్గురు అబద్ధమాడుచున్నారని. న్యాయదర్శనము శబ్దప్రమాణమును చెప్పినప్పుడు అది ఆప్తుని ఉపదేశము అన్నది. విషయమును యథార్థముగా ఎరిగి, ఎరిగినదానిని ఉన్నదున్నట్లు తెలుపగోరు వాడు ఆప్తుడు. ఆటలోని గ్రామములో ఎవడును ఆప్తుడు కాడు. ఎవడును తాను ఆప్తుడనని ఇతరులను నమ్మమనుట లేదు. ద్రష్ట కూడ నమ్మకమును సంపాదించుకొనవలసినవాడే. యోగసూత్రములకు వ్యాసభాష్యము సత్యమును నిర్వచించుచు, తన బోధను ఎదుటివానికి చేర్చుటకై పలికిన వాక్కు వంచన లేనిదై ఉండవలెనన్నది. ఆటలో "నేను గ్రామస్థుడను" అను వాక్యము బోధను చేర్చుటకు పుట్టినది కాదు. చదరంగములో గుఱ్ఱమును జరిపినట్టి ఒక ఎత్తు. అది చెప్పుట కాదు, ఆడుట.

ఒట్టు అట్లు కాదు.

మనుస్మృతిలో సాక్షులు లేని వివాదములందు సత్యనిర్ణయమునకు శపథము ఒక సాధనము. అనగా అది సామాన్య వాక్యము కాదు, వాక్యమునకు ఇచ్చు పూచీ. "నా మాటను నమ్మకపోయినను, దీని మీద ప్రమాణము చేయుచున్నాను, దీనినైనను నమ్ముము" అని వివాదములో లేని మరియొక వస్తువును తెచ్చి మధ్యలో పెట్టుట. అందుచేతనే స్వల్పవిషయమునందైనను బుద్ధిమంతుడు వృథాశపథము చేయరాదని అదే ప్రకరణములో హెచ్చరిక కలదు. నేను ఆకలి మీద చెప్పిన పరిహాసపు మినహాయింపు వేరు. అది ఆదిపర్వమున శర్మిష్ఠ యయాతికి చెప్పినది, కర్ణపర్వమున శ్రీకృష్ణుడు అర్జునునకు చెప్పినది. అది మాటకు ఇచ్చిన మినహాయింపు. శపథమునకు మనువు ఇచ్చిన మినహాయింపులు వేరుగా ఉన్నవి, వాటిలో పరిహాసము లేదు. శర్మిష్ఠ ఆ మాట చెప్పినప్పుడు యయాతి ఏమన్నాడో కూడ స్మరింపవలెను: లోకమునకు ప్రమాణమైన రాజు అనృతమాడినచో నశించునని. (తరువాత లొంగిపోయినాడు, అది వేరు సంగతి.) తన కోరిక తీరుటకై చెప్పబడిన మినహాయింపును సాధకుడు కొంచెము అనుమానముతో చూచుట మేలు.

"అమ్మతోడు" అనునది రాయలసీమలో ఊతపదమైపోయినదని నాకు తెలియును. టమాటా ధర చెప్పుటకు కూడ అమ్మతోడే. అలవాటుగా దొర్లిన మాటకు ఇంత విచారమా అని పెద్దవాడు కూడ అడిగినాడు. అలవాటుగా దొర్లినదైనచో నేనును పట్టించుకొనకపోదును. కాని ఆ రాత్రి వాని చేతిలో వేరే ఎత్తు లేదు. చిన్నవాడు నిజము చూచినాడు, సభ అటు మొగ్గుచున్నది. తోడేలుగా వానికున్న తెలివి అయిపోయినది. అప్పుడు ఆటలో లేనిదానిని, ఆసుపత్రి మంచము మీద ఉన్న తల్లిని, తెచ్చి పలకపై పెట్టినాడు.

ఇది మన సభాపర్వములో జరిగిన పనియే. ధనము పోయినది, రాజ్యము పోయినది, తమ్ములు పోయినారు, తానును పోయినాడు. చేతిలో ఏమియు లేనప్పుడు ధర్మరాజు ద్రౌపదిని పణముగా పెట్టినాడు. ఆమె అంతఃపురమున ఉన్నది. ఆట ఆడుటకు ఆమె ఒప్పుకొనలేదు, ఆట జరుగుచున్నదనియు ఆమెకు తెలియదు. ఆమె సభకు పంపిన ప్రశ్నకు, ముందు తన్ను తాను ఓడినవానికి నన్ను ఒడ్డు అధికారమున్నదా అన్నదానికి, భీష్ముడంతవాడు కూడ ధర్మము సూక్ష్మమని తప్పించుకొన్నాడు. ఆ ప్రశ్నను తోడేలు ఆటకు అన్వయింపుడు: ఆటలో లేని మనిషిని ఆటలో ఒడ్డు అధికారము ఎవరికి ఉన్నది? వేషము నీది, నాలుక నీది, ఆ ఆటలోని ప్రాణము నీది. అవి ఒడ్డుము. తల్లి నీది కాదు. తల్లికి నీవు చెందినవాడవు.

పోయినది తల్లి గౌరవము ఒక్కటే కాదు. ద్రోణపర్వమును చూడుడు. ద్రోణుడు అశ్వత్థామ మరణవార్తను ఇతరులు చెప్పినప్పుడు నమ్మలేదు, ధర్మరాజును అడిగినాడు. ముల్లోకములిచ్చినను ఇతడు అసత్యమాడడని నమ్మినాడు గనుక అడిగినాడు. ధర్మరాజు పలికినది ఒక్క మాట. అందులో ఏనుగు అన్నది మెల్లగా. అంతవరకు భూమికి నాలుగంగుళముల ఎత్తున నడచిన రథము నేలకు దిగినదని భారతము చెప్పుచున్నది. సంవత్సరమంతయు కంకుభట్టుగా అబద్ధమాడినప్పుడు దిగని రథము, ఒక్క వాక్యమునకు ఎందులకు దిగవలెను? కంకుని అబద్ధము వేషపు మాట. ద్రోణునకు చెప్పినది యుధిష్ఠిరుని మాట. జీవితమంతయు కూడబెట్టిన ఆప్తత్వమును ఆ క్షణమున ఖర్చు చేసినాడు. మా పెద్దవాడు చేసినదియు అదియే. ఆ రాత్రి సభలోనివారు తోడేలును నమ్మలేదు, జమ్మలమడుగు అన్నను నమ్మినారు. రేపు వాడు నిజముగా ఏదైనను ఒట్టు వేసి చెప్పినచో ఆ పన్నెండుమంది ఎట్లు నమ్ముదురు? నాన్నా పులి కథను పులివెందులలో పుట్టినవానికి నేను చెప్పనక్కరలేదు. పులుల వలననే ఆ ఊరికి పేరు వచ్చినదని అక్కడి పెద్దలు చెప్పుదురు.

వేషములో ఉండి కూడ గీత దాటకపోవుట ఎట్లో అదే కంకుభట్టు చూపించినాడు. ఉత్తరకుమారుడు కౌరవులను జయించినాడని విరాటుడు పొంగిపోవుచుండగా, బృహన్నల సారథియైనప్పుడు గెలువక ఏమగునని కంకుడు అన్నాడు. రాజు కోపించి పాచికలతో ముఖము మీద కొట్టినాడు. ముక్కు నుండి రక్తము కారినది. ఊరకుండిన సరిపోయెడిది, వేషమునకు నష్టమేమియు లేదు. అయినను చెప్పినాడు. పేరు దాచినాడు గాని ఆ సందర్భమున నిజమును దాచలేకపోయినాడు. కౌరవసభలో భీష్ముడు పాండవుల ఆచూకీకి చెప్పిన గుర్తు కూడ ఇటువంటిదే: ధర్మరాజు ఏ దేశమున ఉండునో అక్కడ జనులు సత్యవాదులై ఉందురు, వానలు సకాలమున కురియును, అట్టి దేశము కొరకు వెదకుడని. వేషమును చూచి పట్టుకొనుట కాదు, స్వభావము చుట్టుపక్కల వ్యాపించుటను చూచి పట్టుకొనుట. ఏ ఆటలోను ఇంత అందమైన ఎత్తును నేను చూడలేదు.

అయితే వేషమునకు వెల లేదని చెప్పుట లేదు. కీచకుడు నిండు కొలువులో ద్రౌపదిని తన్నినప్పుడు కంకుభట్టు ఆసనమున కదలక కూర్చొని, నుదుట చెమటలు పట్టగా, నటివలె ఏడ్చి రాజుల జూదమునకు విఘ్నము చేయకుము, లోనికి పొమ్మని ఆమెతో అన్నాడు. ఈ ఘట్టమును నేను ఎన్నడును తేలికగా చదువలేకపోయినాను. సమయమును నిలుపుకొనుటకు ఆయన చెల్లించిన వెల అది, ఆమె చెల్లించినది అంతకంటె ఎక్కువ. పిల్లల ఆటకు ఇంత బరువు లేదు. కాని పాత్రలో మునిగినవాడు ఎదుటివాని కన్నీటిని కూడ ఎత్తుగానే చూచుట ఆరంభించును. అక్కడ జాగ్రత్త అవసరము.

తోడేలును ఇంతగా విచారించితిమి, గ్రామస్థుని ఎవరును విచారింపరు. నాకు ఆ ఆటలో నిజముగా భయము కలిగించునది తోడేలు కాదు. నేను పిల్లల ప్రక్కన కూర్చొని పది పదిహేను ఆటలు చూచినాను. "వాడు మాట్లాడలేదు, కాబట్టి తోడేలే." "వాడు ఎక్కువ మాట్లాడుతున్నాడు, కాబట్టి తోడేలే." హేతువు రెండు వైపులకు పనిచేసినచో అది హేతువు కాదు, హేత్వాభాసము, తర్కశాస్త్రములో మొదటి సంవత్సరపు పాఠము. అయినను వోట్లు పడిపోవును, నిరపరాధి వ్రేలాడును. కీచకుడు చచ్చిన మరునాడు ఉపకీచకులు చేసినదియు ఇదియే. చంపినవాడెవడో తెలియదు, తెలిసికొను ఓపిక లేదు. ఎదుట కనబడిన సైరంధ్రిని శవముతో పాటు దహింపవలెనని కట్టివేసినారు, విరాటుడు సరే అన్నాడు. తోడేలు తాను అబద్ధమాడుచున్నానని ఎరుగును. గ్రామస్థుడు తన అనుమానమునే ప్రత్యక్షమని భ్రమించును. త్రాడును పామని చూచినవాడు త్రాటిని కొట్టినచో నష్టము లేదు. మనిషిని తోడేలని చూచినవాడు ఏమి చేయునో వార్తాపత్రికలలో చదువుచునే ఉన్నాము. పిల్లలకు ఆట నుండి ఏదైనను నేర్పవలెనన్నచో, ఆట ముగిసిన తరువాత "నీవు ఆతనిని ఏ ప్రమాణముతో ఉరితీసితివి?" అని అడుగుట నేర్పుడు. అబద్ధమాడినవానిని తిట్టుట సులభము.

మరి తోడేలు వేషములో సాధకునకు ఏమైనను ప్రయోజనము కలదా? కలదనియే అనుకొనుచున్నాను, కొంచెము భయముతో. విద్యారణ్యులవారి పంచదశిలో నాటకదీపమని ఒక ప్రకరణమున్నది. రంగము మీది దీపము యజమానుని, సభాసదులను, నర్తకిని సమానముగా ప్రకాశింపజేయును. వారందరు వెళ్ళిపోయిన పిమ్మట శూన్యరంగమును కూడ ప్రకాశింపజేయుచునే ఉండును. సాక్షిచైతన్యము అట్టిదని ఆయన ఉపమానము. తోడేలుగా ఆడువాడు ఆట ఉన్నంతసేపు రెండు పొరలలో జీవించును. పైన ఒక ముఖము, లోపల అది ముఖము మాత్రమే అను ఎరుక. గ్రామస్థునికి ఈ అవకాశము లేదు. వాడు తన పాత్రతో ఏకమైపోవును. మనము సంసారములో గ్రామస్థుల వలె బ్రతుకుచున్నాము, నేను ఫలానావాడనని గట్టిగా నమ్మి. తోడేలుకు ఆ ఎరుక క్షణక్షణము నిలిచి ఉండును. దీనిని చదివి, రాత్రి రెండు గంటల వరకు ఫోను పట్టుకొని "సాధన చేయుచున్నాను" అని తల్లిదండ్రులకు చెప్పువారికి నా సమర్థనము లేదు.

సంక్రాంతికి మరల అందరు ప్రొద్దుటూరు చేరినారు. అక్క కోలుకొని వచ్చినది. సంగతి ఆమెకు తెలిసినది. తెలియకుండ ఉంచవలెనని ప్రయత్నించినాము గాని మా ఇంటిలో ఏదియు దాగదు, అజ్ఞాతవాసము చేయదగిన ఇల్లు కాదది. ఆమె నవ్వి, "నాకేమయిందప్పా, బాగానే ఉండాను కదా" అన్నది. పెద్దవాడు నవ్వలేదు. వాడు భోగినాడు పొద్దున చిన్నవానిని బండి మీద ఎక్కించుకొని గండి క్షేత్రమునకు వెళ్ళినాడు. పాపఘ్ని ఒడ్డున, శ్రీరాముడు బాణపు మొనతో గీసినాడని చెప్పు వీరాంజనేయస్వామి ముందు వారేమి మాటలాడుకొన్నారో నేను అడుగలేదు. భిక్షువేషములో రాముని వద్దకు వచ్చి, నాలుగు మాటలలోనే తానెవరో చెప్పివేసిన స్వామి ఆయన. సాయంకాలమునకు ఇద్దరు ఒకే చెరకుగడను విరుచుకొని తినుచు తిరిగివచ్చినారు.

ఆ రాత్రి ఫోనులు ప్రక్కన పెట్టి, చీట్లు వ్రాసికొని, నట్టింటిలో గుండ్రముగా కూర్చొని అదే ఆట ఆడినారు. చీట్లు పంచుటకు ముందు చిన్నవాడు ఒక నియమము చెప్పినాడు: ఎన్ని అబద్ధములైనను ఆడవచ్చును, ఒట్టు మాత్రము వేయరాదు, ఒట్టు వేయుమని అడుగనురాదు. అందరు ఒప్పుకొన్నారు. మా అబ్బాయి మాత్రము వాళ్ళ జేజి వైపు తిరిగి, "అయితే దేవుని తోడు అనొచ్చునా జేజీ?" అని అడిగినాడు.

"ఆ ఒట్టు కూడా తీసి గట్టు మీద పెట్టు. ముందు చీటీ తియ్యి, నిద్దరొస్తాంది" అన్నది మా అమ్మ.